నెలకెంత పడుతది?



బ్యాంకులో అప్పుల సీట్లో కూర్చున్నన్నాళ్లూ నేను ఎక్కువసార్లు విన్న మాట ఒకటుంది. "సారూ, నెలకెంత పడుతది?" ఇంటి అప్పుకు వచ్చింది టీచరైనా, ఆర్టీసీ కండక్టరైనా, మగ్గం మీద గొల్లభామ చీరలు నేసిన ఇంట్లో పుట్టి సర్కారు కొలువు సంపాదించుకున్న పిల్లగాడైనా, ముందు అడిగేది ఇదే. నెలకు ఇంత అని చెప్పగానే మనసులో జీతం లెక్క మొదలయ్యేది. ఇంటి ఖర్చు, పిల్లల ఫీజు, చిట్టీ కిస్తు పోను ఎంత మిగులుతుందో చూసుకుని, "పర్లే సారూ, కట్టొచ్చు" అని పెన్ను అందుకునేవాళ్లు. అప్పు తీరేలోగా మొత్తం ఎంత కడతానని అడిగినవాళ్లు చాలా తక్కువ. అడగనివాళ్లకు నేనూ చెప్పలేదు. సాయంత్రంలోగా ఫైలు పంపాలనే తొందర, వెనక ఇంకో పది మంది నిలబడి ఉండటం, ఇవన్నీ నిజమే. అయినా చెప్పాల్సింది, చెప్పలేదు. ఆ బాకీ తీర్చుకుందామనే ఈ పూట మీ ముందుకు వచ్చాను.

ఈ మధ్య ఒక సాయంత్రం మా వీధిలో ఉండే భార్యాభర్తలు ఒక ప్లాస్టిక్ కవరు పట్టుకుని మా ఇంటికి వచ్చారు. ఆయనది ఆఫీసులో చిన్న ఉద్యోగం. ఆమె మహిళా సంఘంలో లెక్కలు రాస్తుంది. సిద్దిపేటలో నూట యాభై గజాల జాగా ఎప్పుడో కొనుక్కున్నారు. 2016 అక్టోబరులో సిద్దిపేట జిల్లా అయినప్పటి నుంచి, 2023 అక్టోబరులో రైలు వచ్చినప్పటి నుంచి ఇక్కడ జాగా ఉన్నవాళ్లెవరికీ చేయి ఊరుకోవడం లేదు. వాళ్లూ ఇల్లు మొదలుపెట్టారు. బ్యాంకు 25 లక్షలు మంజూరు చేసింది. వడ్డీ 8.5 శాతం, గడువు 20 ఏళ్లు. సంతకాలు రెండు రోజుల్లో. "ఒకసారి కాగితాలు చూడుండ్రి సారూ" అన్నాడాయన.

కవరులో మంజూరు ఉత్తరం వెనక ఒక పట్టిక ఉంది. వరుసకు ఒక నెల చొప్పున 240 వరుసలు. దానిని ఎవరూ తెరవరని నాకు అనుభవం మీద తెలుసు. ఆ కాగితాలు ఆయనకు ఇవ్వకుండా ఆమె చేతికిచ్చాను. మొదటి వరుస చదవమన్నాను. ఆమె వేలు పెట్టి మెల్లగా చదివింది.

"కిస్తు 21,696. మిత్తి 17,708. అసలు 3,988."

ఆగింది. మళ్లీ మొదటి నుంచి చదివింది. "అంటే సారూ, ఇరువై ఒక్క వేల చిల్లర కడితే అప్పుల తగ్గేది నాలుగు వేలు గూడ కాదా?"

కాదు. మొదటి నెల తగ్గేది అంతే.

ఇందులో మోసమేమీ లేదు. సంఘంలో మిత్తి లెక్క నోటికొచ్చిన ఆమెకు నేను చెప్పిన తీరు ఇది. మన దగ్గర మిత్తిని రూపాయల్లో చెప్పుకుంటాం. నూటికి నెలకు రెండు రూపాయలు అంటే ఏడాదికి 24 శాతం. పావలా వడ్డీ అంటే ఏడాదికి 3 శాతం. అదే కొలతలో బ్యాంకు వారి 8.5 శాతం అంటే నూటికి నెలకు 71 పైసలు. 25 లక్షల మీద 71 పైసల చొప్పున మొదటి నెల మిత్తి పదిహేడు వేల ఏడు వందలు దాటుతుంది. కిస్తులోంచి ముందు ఆ మిత్తి పోతుంది. మిగిలిన కాస్తే అసలుకు చేరుతుంది. రెండో నెల అసలు నాలుగు వేలు తగ్గింది కాబట్టి మిత్తి 28 రూపాయలు తగ్గుతుంది. ఆ 28 రూపాయలు అసలుకు కలుస్తాయి. ఇలా నెలనెలా మిత్తి కొంచెం తగ్గుతూ, అసలు కొంచెం పెరుగుతూ పోతుంది. కిస్తు మారదు కాబట్టి లోపల జరిగే ఈ మార్పు మనకు కనబడదు.

ఆమెను కిందికి చదువుకుంటూ పొమ్మన్నాను. ఏడాది గడిచేసరికి కట్టింది 2 లక్షల 60 వేలు, అసలు తగ్గింది దాదాపు 50 వేలు. అయిదేళ్లు గడిచేసరికి కట్టింది 13 లక్షల పైన, అసలు తగ్గింది 3 లక్షల లోపే. ఇంకా 22 లక్షలు బాకీ. కాగితం తిప్పుతూ తిప్పుతూ పోతే, కిస్తులో మిత్తి కంటే అసలు ఎక్కువగా ఉన్న మొదటి వరుస 143వది. అంటే పన్నెండో ఏడు చివరికొచ్చాక గానీ కట్టేదాంట్లో సగం మన అప్పుకు పోదు. బాకీ సగానికి, పన్నెండున్నర లక్షలకు, దిగేసరికి దాదాపు పద్నాలుగేళ్లు. ఇరవై ఏళ్లూ తప్పకుండా కడితే మొత్తం 52 లక్షల 7 వేలు. అందులో మిత్తి 27 లక్షల 7 వేలు.

"అసలు కంటే వడ్డీ ముద్దు" అని మనవల గురించి మన పెద్దలు అంటారు. ఇక్కడ ఆ మాట అంకెల్లోనే నిజం. తెచ్చింది 25, మిత్తి 27.

మన పాత ధర్మశాస్త్రాల్లో ఒక నియమం ఉండేది. ఒకేసారి వసూలు చేసే వడ్డీ అసలును మించకూడదని. మనుస్మృతిలో ఉంది. దీన్నే దామ్‌దుపత్ అంటారు. బొంబాయి ప్రాంతంలో కోర్టులు కూడా దాన్ని పాటించాయి. నెలనెలా కట్టే బ్యాంకు కిస్తులకు అది వర్తించదు, వర్తించాలని నేను అనడమూ లేదు. ఇరవై ఏళ్లు డబ్బు వాడుకున్నవాడు దాని కిరాయి ఇవ్వాల్సిందే. కానీ అసలుకు సమానమైన మిత్తి దాటితే అది పెద్ద విషయమని వేల ఏళ్ల కిందటి మనుషులు గుర్తించారు. మనం సంతకం పెట్టేటప్పుడు ఆ గుర్తింపు ఉండాలి కదా.

అయితే అప్పు చేయడమే తప్పా? కానే కాదు. 1977లో హస్ముఖ్‌భాయ్ పారేఖ్ గారు ఇంటి అప్పుల కోసమని హెచ్‌డీఎఫ్‌సీ పెట్టిన నాటికి, మన దేశంలో జీతగాడు ఇల్లు కట్టేది రిటైరయ్యాకే. పీఎఫ్ డబ్బు చేతికొస్తే, ఆ డబ్బుతో. పిల్లలు పెరిగి రెక్కలొచ్చి పోయాక సొంతింట్లో కాలు పెట్టేవాడు. ఇప్పుడు ముప్పై ఏళ్లకే గృహప్రవేశం చేసుకుంటున్నారు. పిల్లలు సొంత గోడల మధ్య పెరుగుతున్నారు. కిరాయి మిగులుతుంది. ఇరవై ఏళ్ల తర్వాత కట్టే 21 వేలకు ఈనాటి 21 వేల విలువ ఉండదు, జీతం మాత్రం పెరిగి ఉంటుంది. ఇవన్నీ నిజాలే.

బ్యాంకు అప్పు దొరకనివాళ్ల కష్టం చూస్తే దాని విలువ ఇంకా బాగా తెలుస్తుంది. ఊళ్లలో ఇందిరమ్మ ఇల్లు మంజూరైన కుటుంబాలకు సర్కారు 5 లక్షలు ఇస్తుంది. దానికి తోడు ఇంకో నాలుగైదు లక్షలు కావాలి. జీతం కాగితం లేదని బ్యాంకు వెనక్కి పంపితే రెండ్రూపాయల మిత్తికి తెస్తారు. 5 లక్షలకు రెండ్రూపాయల చొప్పున నెలకు పది వేలు మిత్తి. పదేళ్లు కట్టినా అసలు అక్కడే ఉంటుంది. అదే పది వేలు బ్యాంకులో 8.5 శాతం అప్పుకు కడితే అయిదేళ్ల రెండు నెలల్లో అసలుతో సహా తీరిపోతుంది. కాబట్టి బ్యాంకుకు పోవద్దని నేను చెప్పను. బ్యాంకుకే పొండి. గడువు ఎంత పెట్టించుకుంటున్నారో తెలిసి పొండి.

ఎందుకంటే ఇంటి అప్పులో అసలు ఖరీదు గడువులోనే ఉంది. వడ్డీ రేటు పావు శాతం తగ్గించమని బ్యాంకు చుట్టూ పది రోజులు తిరుగుతాం. గడువు గురించి ఒక్క నిమిషం మాట్లాడం. ఇదే 25 లక్షలు, ఇదే 8.5 శాతం. 30 ఏళ్లకు పెట్టుకుంటే కిస్తు 19,223. ఇరవై ఏళ్ల కిస్తు కంటే సుమారు 2,470 రూపాయలు తక్కువ. వినడానికి ఎంత హాయిగా ఉంది! కానీ మొత్తం కట్టేది 69 లక్షల 20 వేలు. అంటే నెలకు రెండున్నర వేల వెసులుబాటు కోసం 17 లక్షలు అదనంగా ఇస్తున్నాం. ఇటువైపు 15 ఏళ్లకు పెట్టుకుంటే కిస్తు 24,618. ఇరవై ఏళ్లతో పోలిస్తే నెలకు 2,900 పైచిలుకు ఎక్కువ. మొత్తం కట్టేది 44 లక్షల 31 వేలు. అంటే 7 లక్షల 75 వేలు మిగులుతాయి. ఒక బిడ్డ ఇంజినీరింగ్ చదువుకు ఆధారమయ్యే డబ్బు అది.

ఇంతవరకూ చెప్పింది వడ్డీ రేటు మారకపోతే. కానీ మన దగ్గర ఇంటి అప్పులు చాలావరకు మారే వడ్డీవే. 2019 అక్టోబరు 1 నుంచి బ్యాంకులు ఇచ్చే కొత్త ఇంటి అప్పులకు వడ్డీని బయటి కొలమానానికి ముడిపెట్టాలని రిజర్వు బ్యాంకు చెప్పింది. చాలా బ్యాంకులు రెపో రేటుకు ముడిపెట్టాయి. రెపో అంటే రిజర్వు బ్యాంకు ఇతర బ్యాంకులకు అప్పిచ్చే రేటు. అది పెరిగితే మీ మిత్తి పెరుగుతుంది, తగ్గితే తగ్గుతుంది. కరోనా రోజుల్లో, 2020 మేలో, రెపో 4 శాతానికి దిగింది. రెండేళ్లు అక్కడే ఉంది. ఇంటి అప్పు 7 శాతానికి అటూ ఇటూగా దొరికిన కాలం అది. నాకు తెలిసిన ఒక కుర్రవాడు, వరసకు మేనల్లుడు, 2021 మొదట్లో ఆ ధైర్యంతోనే 25 లక్షలు తీసుకున్నాడు. ఇరవై ఏళ్లు, 7 శాతం, కిస్తు 19,382.

2022 మేలో రిజర్వు బ్యాంకు రెపో పెంచడం మొదలుపెట్టింది. 2023 ఫిబ్రవరికల్లా 6.5 అయింది. తొమ్మిది నెలల్లో రెండున్నర శాతం. మేనల్లుడి ఫోనుకు మెసేజీలు వచ్చాయి, అవి ఇంగ్లీషులో ఉన్నాయి. కిస్తు మాత్రం మారలేదు. ఖాతాలోంచి ఎప్పటిలాగే 19,382 పోతోంది. కాబట్టి వాడు ఏమీ మారలేదనుకున్నాడు.

మారింది గడువు. లెక్క తేలిగ్గా అర్థం కావడానికి మొదటి రెండేళ్లు 7 శాతమే ఉండి, ఆ తర్వాత ఒక్కసారిగా 9.5 అయిందనుకుందాం. రెండేళ్లు కట్టాక బాకీ 23 లక్షల 77 వేలు. దాని మీద 9.5 శాతం చొప్పున నెల మిత్తే 18,816. కిస్తు 19,382. అసలుకు పోయేది 566 రూపాయలు. ఆ చొప్పున అప్పు తీరాలంటే ఇంకా 448 నెలలు పడుతుంది. ముప్పై ఏడేళ్ల పైచిలుకు. అదే సమయంలో కిస్తును 23,005కు పెంచుకుని ఉంటే మిగిలిన పద్దెనిమిదేళ్లలోనే తీరుతుంది. కిస్తు పెంచుకోని దారిలో మొత్తం కట్టేది 91 లక్షలు దాటుతుంది, పెంచుకున్న దారిలో 54 లక్షల చిల్లర. తేడా 37 లక్షలు. ఒకే ఇల్లు, ఒకే అప్పు, ఒకే వడ్డీ రేటు.

నిజానికి బ్యాంకులు రిటైర్మెంటు వయసు చూసి గడువుకు ఒక హద్దు పెడతాయి. ఆ హద్దు దాకా గడువు సాగదీసి, ఆ తర్వాత కిస్తు పెంచుతాయి. అయినా మేనల్లుడికి మూడేళ్లపాటు ఈ సంగతి తెలియదు. బ్యాంకు వాళ్లు వివరంగా కూర్చోబెట్టి చెప్పలేదు, వాడు అడగలేదు. "మామా, కిస్తు పెరగలేదు గద, బ్యాంకోళ్లు మంచోళ్లే అనుకున్న" అన్నాడు నాతో. ఆ మాట విన్నప్పుడు నాకు బాధ కలిగింది. కిస్తు పెరగకపోవడాన్ని మనం మేలు అనుకుంటాం. అసలు భారం అందులోనే దాక్కుని ఉంటుంది.

ఇలాంటి ఫిర్యాదులు దేశమంతటా వచ్చాకే 2023 ఆగస్టు 18న రిజర్వు బ్యాంకు ఒక ఉత్తర్వు ఇచ్చింది. వడ్డీ మారినప్పుడు కిస్తు పెంచుకుంటారా, గడువు పెంచుకుంటారా, రెండూ కొంచెం కొంచెం పెంచుకుంటారా అని అప్పు తీసుకున్నవాడిని అడగాలి. బ్యాంకు తన విధానం ప్రకారం స్థిర వడ్డీకి మారే అవకాశం ఇవ్వాలని కూడా అందులో ఉండేది, 2025 అక్టోబరు నుంచి అది తప్పనిసరి కాదు. గడువు ఎంత సాగినా నెల మిత్తికి కూడా కిస్తు చాలని పరిస్థితి రానివ్వకూడదు. ప్రతి మూడు నెలలకు ఇప్పటిదాకా అసలు ఎంత, మిత్తి ఎంత పోయింది, ఇంకా ఎన్ని కిస్తులు మిగిలాయో తెలిపే స్టేట్‌మెంట్ ఇవ్వాలి. ఆ స్టేట్‌మెంట్ మీ ఫోనులోకో, మెయిల్‌లోకో వస్తూనే ఉంటుంది. అందులో ఒక్క అంకె చూస్తే చాలు. మిగిలిన కిస్తులెన్ని? మీరు కట్టాక అది తగ్గుతోందా, పెరిగిందా?

2025లో రెపో నాలుగుసార్లు తగ్గి 5.25కు వచ్చింది. మీ అప్పుకు ఆ తగ్గుదల అందిందా? రెపోకు ముడిపడిన బ్యాంకు అప్పుకైతే మూడు నెలల్లోగా అందాలి. పాత పద్ధతిలో తీసుకున్న అప్పులకు, హౌసింగ్ ఫైనాన్స్ కంపెనీల అప్పులకు అంత తొందరగా అందదు. పోయి అడగాలి. అడిగినవాడికి కొద్దిపాటి ఫీజు తీసుకుని తక్కువ రేటుకు మార్చడం మామూలే. వడ్డీ తగ్గినప్పుడు కిస్తు తగ్గించమని మాత్రం అడగకండి. కిస్తు అలాగే ఉంచి నెలలు తగ్గించమనండి.

ఇక మా వీధి వాళ్ల కవరులో ఇంకో కాగితం కూడా ఉంది. ఇన్సూరెన్సు. ప్రీమియం 60 వేలు, ఒకేసారి, అదీ అప్పులోనే కలిపేశారు. ఇంటి పెద్దకు ఏమైనా అయితే అప్పు పిల్లల మీద పడకుండా ఇన్సూరెన్సు ఉండటం మంచిదే, నేను ఎప్పుడూ ఉండాలనే అంటాను. కానీ 60 వేలు అప్పులో కలిస్తే ఇరవై ఏళ్లలో అది 1 లక్షా 25 వేలు అవుతుంది. అదే కంపెనీ పాలసీ కొనాలని, అప్పులోనే కలపాలని చట్టం ఎక్కడా చెప్పలేదు. విడిగా టర్మ్ పాలసీ తీసుకుని ఏటేటా కట్టుకోవచ్చు. 2024 అక్టోబరు 1 నుంచి కొత్తగా మంజూరయ్యే ప్రతి ఇంటి అప్పుకూ ముఖ్య వివరాల పత్రం ఇవ్వాలని నియమం ఉంది. ఫీజులు, ఇన్సూరెన్సు లాంటివన్నీ కలుపుకుంటే ఏడాదికి అసలు ఎంత శాతం పడుతోందో అందులో ఒకే అంకెగా వేస్తారు. దాన్ని ఏపీఆర్ అంటారు. 8.5 అని బోర్డు మీద చూసి, పత్రంలో దానికంటే పెద్ద అంకె కనబడితే ఎందుకని అడగండి.

మరి తీసుకున్న అప్పు ఖరీదు తగ్గించుకునేదెట్లా? దారి ఒక్కటే. ముందుగా కట్టడం, అదీ మొదటి ఏళ్లలో కట్టడం. మారే వడ్డీ మీద తీసుకున్న ఇంటి అప్పును ముందే తీర్చినా, కొంత ముందే కట్టినా, మామూలు కుటుంబాల నుంచి జరిమానా వసూలు చేయకూడదని 2012లోనే బ్యాంకులకు రిజర్వు బ్యాంకు చెప్పింది. అయినా "ముందు కడితే ఫైన్ వేస్తరంట" అనే మాట మన దగ్గర ఇప్పటికీ తిరుగుతోంది. ఆ భయం వదిలేయండి.

మొదటి ఏళ్లు అని ఎందుకు నొక్కి చెబుతున్నానంటే, మా వీధి వాళ్ల అప్పుకే లెక్క వేసి చూపిస్తాను. రెండేళ్లు నిండాక ఒక లక్ష అదనంగా కట్టి, కిస్తు అలాగే ఉంచితే, చివర దాదాపు ఇరవై నెలల కిస్తులు ఎగిరిపోతాయి. కట్టిన లక్ష పోను 3 లక్షల 29 వేలు మిగులుతాయి. అదే లక్ష పదిహేనేళ్లు నిండాక కడితే ఏడు నెలల కిస్తులే తగ్గుతాయి, మిగిలేది 50 వేల లోపే. అదే లక్ష, అదే అప్పు. "పిల్లల చదువులయినంక, చేతుల పైసలున్నప్పుడు కడత" అని అందరూ అంటారు. అప్పటికి మిత్తి చాలావరకు కట్టేసి ఉంటాం.

ఒకేసారి లక్ష చేతిలో ఉండదంటారా? ఏడాదికి ఒక్క కిస్తు ఎక్కువ కట్టండి. పన్నెండుకు బదులు పదమూడు. బోనస్ వచ్చినప్పుడో, చిట్టీ ఎత్తినప్పుడో, వడ్లు అమ్మినప్పుడో. అంతమాత్రానికే ఇరవై ఏళ్ల అప్పు పదహారేళ్ల తొమ్మిది నెలల్లో తీరుతుంది, 5 లక్షలకు పైగా మిగులుతాయి. కట్టేటప్పుడు కౌంటర్లో ఒక మాట తప్పకుండా చెప్పాలి. కిస్తు తగ్గించవద్దు, గడువు తగ్గించండి అని. రాతపూర్వకంగా ఇస్తే ఇంకా మంచిది.

కానీ ఇంట్లో రెండ్రూపాయల మిత్తి అప్పు ఒకటి ఉండగా ఇంటి అప్పు ముందే కట్టకండి. ముందు అది తీర్చండి. తర్వాత క్రెడిట్ కార్డు బాకీ, తర్వాత గిర్వి పెట్టిన బంగారం. ఆరు నెలల ఇంటి ఖర్చు ఎప్పుడూ చేతిలో ఉండాలి. అవన్నీ అయ్యాక ఇంటి అప్పు. "ఇన్‌కంటాక్స్ కలిసొస్తది, అప్పు ఉండనియ్యుండ్రి" అని సలహా ఇచ్చేవాళ్లుంటారు. పాత పన్ను విధానంలో మనం ఉంటున్న ఇంటి మీద ఏడాదికి 2 లక్షల దాకా మిత్తికి మినహాయింపు ఉంది, కొత్త విధానంలో అదీ లేదు. ఇరవై శాతం పన్ను కట్టేవాడికి 2 లక్షల మిత్తి మీద మిగిలేది సెస్సుతో కలిపి 41,600. ఆ 41 వేల కోసం 2 లక్షలు మిత్తి కట్టడం నాకైతే సమ్మతం కాదు.

మళ్లీ ఆ సాయంత్రానికి వస్తాను. లెక్కలన్నీ విన్నాక భర్త తల దించుకుని కూర్చున్నాడు. ఆమె మాత్రం ఇంటి ప్లాను తీసింది. వెనక పేజీలో మేస్త్రీ రాసిచ్చిన ఖర్చుల లెక్క ఉంది. ముందు వైపు ఎలివేషన్ పని, హాల్లో ఫాల్స్ సీలింగు, మెట్లకు స్టీలు రెయిలింగు, అన్నీ కలిపి మూడు లక్షలు. "సారూ, గీ మూడు లక్షలు అప్పుల తీసేస్తే?" అంది. ఇరవై ఏళ్లలో ఆ మూడు లక్షల సోకు పనికి వాళ్లు కట్టబోయేది 6 లక్షల 25 వేలు. ఆ సంగతి చెప్పాను. ఆమె పెన్ను అడిగి ఆ మూడు వరుసలు కొట్టేసింది. "సున్నం ఏస్తే సాలు. సోకు తర్వాత జేసుకుందాం" అంది భర్తతో. అప్పు 22 లక్షలకు దిగింది. గడువు 15 ఏళ్లు. కిస్తు 21,664. ముందు అనుకున్న కిస్తు కంటే 32 రూపాయలు తక్కువే, గడువు అయిదేళ్లు తక్కువ. మొత్తం కట్టేది 39 లక్షలు. పొద్దున అనుకున్నదానికీ సాయంత్రం తేలినదానికీ తేడా 13 లక్షలు. అప్పు చేసిన మూడు లక్షలు తగ్గాయి కాబట్టి అవి తీసేస్తే, మిత్తిలోనే పది లక్షల ఆదా.

వాళ్ల స్లాబు మొన్ననే పడింది. సెంట్రింగు ఇంకా తీయలేదు. ఆమె పొద్దుటే బిందెతో నీళ్లు పట్టి స్లాబు తడపడం మా డాబా మీది నుంచి కనబడుతుంది. 240 వరుసల పట్టిక పోయి 180 వరుసల పట్టిక వచ్చింది. దాన్ని సంఘం రిజిస్టరుతో పాటే బీరువాలో పెట్టుకున్నానని, నెలనెలా ఒక వరుస కొట్టేస్తానని చెప్పింది.

చివరి కిస్తు కట్టాక ఇంటి కాగితాలు 30 రోజుల్లోగా మీ చేతికి రావాలి. 2023 డిసెంబరు 1 నుంచి అది నియమం. బ్యాంకు తప్పు వల్ల ఆలస్యమైతే రోజుకు 5,000 రూపాయలు మీకు ఇవ్వాలి. గడువు మార్చినా చెప్పకపోతే, స్టేట్‌మెంట్ ఇవ్వకపోతే, ముందు ఆ బ్యాంకులోనే రాసివ్వండి. నెల రోజుల్లో జవాబు రాకపోతే రిజర్వు బ్యాంకు అంబుడ్స్‌మన్‌కు ఫిర్యాదు చేయవచ్చు, దానికి ఖర్చేమీ లేదు.

ఇంటి అప్పు ఉన్న ప్రతి శ్రోతకూ నాది ఒక్క విన్నపం. రేపు పనిదినమైతే రేపే బ్యాంకుకు పొండి. మీ అప్పు పట్టిక అచ్చు వేయించి ఇవ్వమనండి. ఇంటికొచ్చి ఆలుమగలిద్దరూ పక్కపక్కన కూర్చుని, ఈ నెల వరుస ఎక్కడుందో వేలు పెట్టి వెతకండి. దాని కింద ఇంకా ఎన్ని వరుసలున్నాయో లెక్కపెట్టండి.